మాల్గుడి ఏ ఊరు? ఏ నుడి?

(హోసూరులో తెలుగు మిత్రులు జరిపిన సాహిత్య సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



న్యాయవాదిని పిలిచి మాట్లాడమంటే రాజ్యాంగ అధికరణాలు వల్లిస్తాడని మీరు అనుకొని ఉంటారు. ఇవాళ ఆ పని పెట్టుకోవడం లేదు. నిర్వాహకులు నాకు అప్పగించిన అంశం వేరు. పాత కాలపు కథ ఒకటి సినిమాగానో, టీవీ ధారావాహికగానో తయారయ్యేటప్పుడు దానికి చోటు ఎలా ఎంచుతారు, ఆ కాలాన్ని వీధుల్లోనూ గోడలమీదా ఎలా నిలబెడతారు అన్నది ఆ అంశం. ఇది కళాకారుల సంగతి, నల్లకోటు వేసుకున్నవాడికి ఇందులో పనేమిటని మీలో కొందరు అడగవచ్చు. పని ఉంది. గతకాలాన్ని చూపించే ప్రతి సెట్టూ "ఆ రోజుల్లో ఈ నేలమీద మనుషులు ఇలా బతికారు" అని లక్షలమంది ఎదుట వాంగ్మూలం ఇస్తుంది. వాంగ్మూలాన్ని పరీక్షించడం నా వృత్తి. ఆ దృష్టితోనే మీ ముందు నాలుగు మాటలు ఉంచుతాను.

ఉదాహరణకు మనందరికీ తెలిసిన మాల్గుడిని తీసుకుంటాను. ఆర్.కె. నారాయణ్ 1935లో వెలువరించిన 'స్వామి అండ్ ఫ్రెండ్స్' నవలతో ఆ ఊరు లోకానికి తెలిసింది. నారాయణ్ 1906లో మద్రాసులో పుట్టారు, అక్కడే పురసవాక్కంలో అమ్మమ్మ దగ్గర పెరిగారు, తరువాతి జీవితంలో ఎక్కువ భాగం మైసూరులో గడిపారు, 2001లో కన్నుమూశారు. ఆయన రాసిందంతా ఇంగ్లీషులోనే. మాల్గుడిని ఏ పటంలోనూ చూడలేం. మద్రాసు రాష్ట్రపు ఊరనీ, మైసూరు సీమకు మరీ దూరం కాదనీ అనిపించే ఆనవాళ్లు మాత్రం ఆయన రచనల్లో ఉన్నాయి. సరయూ నది, మెంపీ కొండలు, మార్కెట్ రోడ్డు, కబీర్ వీధి, రైలుస్టేషను, ఆల్బర్ట్ మిషన్ బడి, ఇవీ దాని ఎల్లలు. ఆ బడిలో తమిళ పండితుడు ఒకాయన ఉన్నాడు. అంటే ఇంగ్లీషు వాక్యాల చాటున ఆ వీధిలో తమిళం వినబడుతూనే ఉంది.

ఇటువంటి ఊరిని కెమెరా ముందు నిలపాలంటే ఏం చేయాలి? ఈ ప్రశ్నకు రెండు జవాబులు మనకు దొరుకుతున్నాయి. రెండూ నారాయణ్ రచనలనుంచి వచ్చినవే కనుక పోల్చి చూడడం తేలిక.

మొదటిది 'గైడ్'. 1958లో వచ్చిన ఈ నవలకు 1960లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం లభించింది. 1965లో విజయ్ ఆనంద్ దర్శకత్వంలో, దేవ్ ఆనంద్, వహీదా రెహమాన్ నటించగా హిందీ చిత్రంగా వచ్చింది. చిత్రం గొప్ప పేరు తెచ్చుకుంది. ఎస్.డి. బర్మన్ పాటలను నేటికీ జనం పాడుకుంటున్నారు. ఆ కీర్తిని నేను తక్కువ చేయడం లేదు. అయితే కథ పుట్టిన నేల ఏమైంది? చిత్రబృందాన్ని మైసూరు ప్రాంతంలో తిప్పి, నది మెట్లనూ, ఒడ్డున ఉన్న చిన్న గుడినీ, కొండలనూ తాను స్వయంగా చూపించినట్లు నారాయణ్ తరువాత ఒక వ్యాసంలో రాసుకున్నారు. చివరకు చిత్రీకరణ ఉదయపూర్, చిత్తోడ్ కోటలున్న రాజస్థాన్ సీమకు తరలిపోయింది. మాల్గుడి రైలుస్టేషనులో కొట్టు నడిపిన రాజు, దేవదాసీ ఇంట పుట్టిన నాట్యకత్తె రోజీ, వాళ్లిద్దరి చుట్టూ ఉన్న దక్షిణాది చిన్న పట్నం, అంతా కోటల నడుమకు చేరింది. రంగుల తెరకు ఆ కోటలు అందం తెచ్చాయి. రచయితకు మాత్రం అది తన ఊరనిపించలేదు. సినిమా పేరులోని మాటతోనే, దారి చూపవలసినవాడే దారి తప్పాడన్న అర్థంలో ఆ వ్యాసానికి పేరు పెట్టుకున్నారు.

రెండో జవాబు 'మాల్గుడి డేస్'. 1980ల రెండో సగంలో దూరదర్శన్‌లో వచ్చిన ఈ ధారావాహికకు దర్శకుడు శంకర్ నాగ్, నిర్మాత టి.ఎస్. నరసింహన్. సంగీతం ఎల్. వైద్యనాథన్‌ది. బొమ్మలు నారాయణ్ తమ్ముడు ఆర్.కె. లక్ష్మణ్ గీసినవి. కళా దర్శకుడు జాన్ దేవరాజ్. స్వామిగా మాస్టర్ మంజునాథ్, తండ్రిగా గిరీశ్ కర్నాడ్ నటించారు. చిత్రీకరణలో ఎక్కువ భాగం శివమొగ్గ జిల్లా తీర్థహళ్లి తాలూకాలోని ఆగుంబెలో జరిగింది. కొన్ని భాగాలు బెంగళూరులోనూ, తుమకూరు దగ్గరి దేవరాయనదుర్గలోనూ తీశారు. ఆగుంబెలో 'దొడ్డ మనె' అని పిలుచుకునే పెద్ద పాత ఇల్లు స్వామి ఇల్లయింది. శివమొగ్గ నుంచి తాళగుప్పకు వెళ్లే రైలు మార్గంలోని అరసాళు అనే చిన్న స్టేషను మాల్గుడి స్టేషనయింది.

ఇక్కడ ఒక చిక్కు ఉంది. ఆగుంబె పడమటి కనుమల మీది ఊరు. ఏడాదికి సగటున 7,000 మిల్లీమీటర్లకు పైగా వాన పడే చోటు. నారాయణ్ మాల్గుడి మైదానపు పట్నం. ఎండలు మండే ఊరు, వేసవిలో నది ఇసుక తేలే ఊరు. అక్షరాలా పోల్చితే ఆగుంబె మాల్గుడి కాదు. రాజస్థాన్‌ను తప్పుపట్టిన మనం ఆగుంబెను ఎందుకు ఒప్పుకుంటున్నాం?

ఎందుకంటే ఆగుంబె ఆ కథ కొలతలకు సరిపోయింది. మాల్గుడి పిల్లలు బడికి నడిచి వెళతారు. నాయనమ్మ గుమ్మంలో కూర్చుంటే వీధి మొత్తం కనబడుతుంది. ఎవరి ఇంట్లో ఏం జరిగినా సాయంత్రానికి ఊరంతటికీ తెలుస్తుంది. ఆ దగ్గరితనం ఒక అరుగుమీద, ఒక కొయ్య స్తంభం దగ్గర, వీధిలోకి తెరిచిన తలుపులో ఉంటుంది. కోట గోడల కింద అది పుట్టదు. పైగా ఆగుంబె ఇళ్ల పైకప్పులు మంగళూరు పెంకువి. బాసెల్ మిషన్ వారు 1865లో మంగళూరులో పెంకుల కర్మాగారం పెట్టిన తరువాత ఆ పెంకు దక్షిణాదిలో చాలా దూరం పాకింది. 1930నాటి మద్రాసు రాష్ట్రపు చిన్న పట్నంలో ఆ పెంకు కింద కాపురం చేసిన కుటుంబం ఉందంటే నమ్మడానికి అభ్యంతరం లేదు. వాన ఎక్కువైనా ఇంటి కట్టుబడి అబద్ధం చెప్పలేదు. సాక్షి తన ఊరి పేరు చెప్పడంలో తడబడినా, చూసిన సంగతి నిజం చెబితే కోర్టు ఆ సాక్ష్యాన్ని పూర్తిగా కొట్టివేయదు. ఇదీ అటువంటిదే.

పాత కాలపు సెట్టు వేసేవాడు మొదట చేసేది తీసివేతల పని. కరెంటు స్తంభాలు, తీగలు, సిమెంటు గోడలు, ప్లాస్టిక్ బిందెలు, సినిమా పోస్టర్లు, తారు రోడ్డు, వీటన్నిటినీ చూపునుంచి తప్పించాలి. తప్పించలేనివాటిని కెమెరా కోణంతో దాచాలి. ఆ తరువాతే చేర్చడం మొదలవుతుంది. లాంతరు, చెక్క బల్ల, ఇత్తడి చెంబు, ఎడ్లబండి, బడి గంట చేరతాయి. కొత్తగా చేసిన కొయ్యకు పొగ పట్టించి, గోడకు సున్నం వేసి, ఆ సున్నాన్ని కొంత చెరిపి పాతబరుస్తారు. మాల్గుడి కోసం జాన్ దేవరాజ్ బృందం ఫ్రెడరిక్ లాలీ దొర విగ్రహాన్ని కూడా తయారుచేసి ఊళ్లో నిలబెట్టింది. 'లాలీ రోడ్' కథ చదివినవారికి ఆ విగ్రహం తెలుసు. స్వాతంత్ర్యం వచ్చిన ఉత్సాహంలో పురపాలక సంఘం వీధుల పేర్లన్నీ మార్చేస్తుంది, ఎవరి ఇల్లు ఎక్కడుందో తెలియక ఊరంతా తికమక పడుతుంది, తెల్లదొర విగ్రహాన్ని పెకలిస్తుంది. ఆ తరువాత తెలుస్తుంది, తాము దుర్మార్గుడనుకున్న లాలీ వేరు, ఈ లాలీ వేరు అని. ఈయన ఆ ఊరిని కట్టినవాడు. చదివి నవ్వుకునే కథే. కానీ వీధి పేరు, బోర్డు, విగ్రహం ఒక ఊరి జ్ఞాపకానికి ఆధారాలని, ఆధారాన్ని విచారించకుండా చెరిపితే చెరిపినవాడే తికమక పడతాడని అంతకన్నా సులువుగా చెప్పిన కథ మరొకటి నాకు తెలియదు.

ఇప్పుడు మన సంగతికి వస్తాను.

మాల్గుడి ఎవరిది? ఇంగ్లీషులో రాసిన ఊరు. తమిళ పాఠం చెప్పే బడి ఉన్న ఊరు. కన్నడనాట, ఎక్కువగా కన్నడ కళాకారులతో తీసిన ఊరు. టీవీలో హిందీ మాట్లాడిన ఊరు. మైసూరు యాదవగిరిలో నారాయణ్ కట్టుకున్న ఇంటిని 2011లో కూల్చడం మొదలుపెడితే, ప్రజల నిరసనతో ఆ పని ఆగింది. ప్రభుత్వం ఆ ఇంటిని స్మారకంగా నిలపాలనుకున్నప్పుడు, ఆయన కన్నడంలో రాయలేదు కదా అని కొందరు కన్నడ రచయితలు అభ్యంతరం చెప్పారు. చివరకు 2016లో అది మ్యూజియంగా తెరుచుకుంది. అరసాళులోని పాత స్టేషను కట్టడం కూడా 2020లో మాల్గుడి మ్యూజియమయింది. అభ్యంతరం చెప్పినవారి బాధను నేను తేలికగా తీసుకోను. తన నుడికి తన నేలమీదనే చోటు తగ్గుతోందన్న దిగులు ఎవరికైనా దిగులే. అయినా, ఒక ఊరిలో పుట్టని భాష మాట్లాడినవాడు ఆ ఊరివాడు కాడా అన్న ప్రశ్న మన గుమ్మంలోకి వచ్చినప్పుడు మనం ఏం జవాబు కోరుకుంటామో, అదే జవాబు ఎదుటివారి విషయంలోనూ చెప్పాలి. ఆ ఇల్లు నిలిచినందుకు మనం సంతోషించాలి.

అయితే సెట్టు వేసేవారికి మన తరపున ఒక ప్రశ్న ఉంది. 1930లో మద్రాసు, మైసూరు సీమల సరిహద్దులో ఒక పట్నం ఉంటే, ఆ అంగడి వీధిలో కొట్ల బోర్డులు ఏయే లిపుల్లో ఉండేవి? మన హోసూరే తీసుకోండి. అప్పుడది మద్రాసు రాష్ట్రంలోని సేలం జిల్లాలో ఉన్న తాలూకా. తమిళం, కన్నడం, తెలుగు, ఉర్దూ, నాలుగూ సంతలో వినబడేవి. చెన్నపట్నం సంగతి చెప్పనక్కరలేదు. 1914 నుంచి ఆంధ్రపత్రిక దినపత్రికగా వెలువడిన నగరం అది. వావిళ్లవారి ముద్రణాలయం 19వ శతాబ్దంనుంచీ తెలుగు గ్రంథాలు అచ్చువేసిన నగరం అది. ఆ కాలపు చెన్నపట్నం వీధిని తెరమీద కడుతూ ఒక్క తెలుగు అక్షరం లేకుండా కడితే, లాంతరు ఎంత సరిగా ఉన్నా ఆ వాంగ్మూలంలో ఒక ముఖ్యమైన సంగతి దాచినట్లే. బొంబాయి గిరణగావ్ వీధిని కట్టేవారికీ, బరంపురం బజారును కట్టేవారికీ ఇదే మాట చెప్పాలి. అక్కడ తెలుగువారు పని చేశారు, కొట్లు పెట్టారు, సత్రాలు కట్టారు. ఇదే న్యాయం ఎదుటివారికీ వర్తిస్తుంది. పాత హైదరాబాదు వీధిని కట్టేటప్పుడు ఉర్దూ బోర్డు తీసేస్తే, మరాఠీ కన్నడాలను మరిచిపోతే, అదీ దాచడమే.

కళా దర్శకులు దీన్ని దురుద్దేశంతో చేస్తారని నేను అనను. వారికి సమయం తక్కువ, డబ్బు తక్కువ. లాంతరు ఎక్కడ దొరుకుతుందో తెలుసు. పాత బోర్డుమీద ఏం రాసి ఉండేదో ఎవరిని అడగాలో తెలియదు. ఆ ఆధారాలు ఉన్నది మన ఇళ్లలో. తాతల నాటి క్రయ దస్తావేజులు, కిరాణా కొట్టు చిట్టాలు, పెళ్లి శుభలేఖలు, బడి రిజిస్టర్లు, సత్రాల గుమ్మాలమీది శిలాఫలకాలు, పాత ఫొటోల వెనకభాగంలో కనబడే అంగడి బోర్డులు, ఇవన్నీ సెట్టు వేసేవాడికి పనికివచ్చే ఆధారాలే. 1931 జనాభా లెక్కల్లో ఏ జిల్లాలో ఏ భాషవారు ఎందరో పట్టికలు ఉన్నాయి. వాటిని చూసి ఒక వీధిలో ఏయే భాషలవారు ఉండేవారో అంచనా వేయడం అసాధ్యమేమీ కాదు.

ఇక నేను చూసిన ఒక వ్యవహారం చెబుతాను. పేర్లు చెప్పను, ఊరూ చెప్పను. సరిహద్దు దగ్గరి ఒక పల్లెలో, బాటసారుల కోసం మనవారి పూర్వులు కట్టించిన సత్రం ఉంది. గుమ్మం పక్క గోడలో ఒక రాతి పలక. దానిమీద తెలుగులో కట్టించినవారి పేరు, సంవత్సరం, సత్రం నిర్వహణకు ఇచ్చిన భూమి వివరం ఉండేవి. పాత కాలపు కథ ఒకటి తీస్తున్నామని ఒక చిత్రబృందం వచ్చింది. కథ వేరే సీమది కనుక తెలుగు పలక కనబడకూడదు. వారు దానిమీద ప్లాస్టరు వేసి, రంగు పూసి, మరో లిపిలో ఒక బోర్డు బిగించారు. వారం రోజుల పని. ఒప్పందమంతా నోటిమాటమీదే. వెళ్లేటప్పుడు ప్లాస్టరును ఉలితో కొట్టి తీశారు. ప్లాస్టరుతోపాటు అక్షరాలూ రాలిపోయాయి.

కొన్నేళ్లకు ఆ భూమిమీద వివాదం వచ్చింది. ఆ సత్రం ధర్మసంస్థే కాదు, మా కుటుంబ ఆస్తి అని ఒకరు దావా వేశారు. సత్రం పెద్దలు నా దగ్గరకు వచ్చి, "లాయరుగారూ, రాతిమీదే రాసి ఉండేదండీ, ఊరంతా చదివాం" అన్నారు. ఊరంతా చదివిందనడానికి ఇప్పుడు రాయి లేదు. చట్టం ఏమంటుందో వినండి. 1872 నాటి సాక్ష్య చట్టంలో 'దస్తావేజు' అన్న మాటకు ఇచ్చిన ఉదాహరణల్లో ఒకటి, లోహపు రేకుమీదగాని రాతిమీదగాని చెక్కిన శాసనం. 2024 జులై 1 నుంచి దాని స్థానంలో అమలులోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమంలోనూ ఆ ఉదాహరణ అలాగే ఉంది. అంటే చట్టం దృష్టిలో ఆ రాతి పలక రిజిస్ట్రారు ఆఫీసులోని కాగితం వంటిదే. దానిమీద రంగు పూసి, ఉలితో కొట్టినవారికి తాము ఒక దస్తావేజును నాశనం చేస్తున్నామన్న తలంపే లేదు. ఇచ్చినవారికీ లేదు. చివరకు ఒక ఇంట్లో పెళ్లి ఫొటో దొరికింది. వరుడి భుజం వెనక పలకలో సగం కనబడుతోంది. ఆ సగంతో, పాత పన్ను రశీదులతో, ముసలివారి సాక్ష్యంతో కేసు రాజీ వరకు నడిపాం. భూమిలో కొంత నిలిచింది. పలకమీది మిగిలిన సగం మాత్రం ఏ కోర్టూ తిరిగి ఇవ్వలేదు.

గోడలకు చెవులుంటాయని మన పెద్దలంటారు. పాత గోడలకు నోరు కూడా ఉంటుంది. సెట్టు కోసం ఆ నోరు కాసేపు మూయవచ్చు, తప్పు లేదు. శాశ్వతంగా మూయకూడదు.

కేంద్ర ప్రభుత్వం రక్షించే ప్రాచీన కట్టడాల విషయంలో 1958 నాటి చట్టమూ, దాని కింద చేసిన నియమాలూ ఉన్నాయి. అక్కడ సినిమా తీయాలంటే అనుమతి తీసుకోవాలి, షరతులకు లోబడాలి. మన సత్రాలు, అగ్రహారపు ఇళ్లు, పాత బడులు, గ్రంథాలయాలు చాలావరకు ఏ జాబితాలోనూ లేవు. వాటికి ఉన్న రక్షణ మనం రాసుకునే ఒప్పందం మాత్రమే. అందుచేత మీ ఊరికి చిత్రబృందం వస్తే సంతోషంగా ఆహ్వానించండి, కానీ కొన్ని పనులు మరవకండి. ఒప్పందం కాగితంమీద ఉండాలి. కెమెరా రాకముందు ప్రతి గోడకూ, ప్రతి పలకకూ, తలుపు చెక్కడానికీ తేదీతో ఫొటో తీయించాలి. ఏది కదిలించవచ్చో, ఏది తాకకూడదో పేరుపేరునా రాయాలి. రాతమీద నేరుగా ప్లాస్టరు గాని రంగు గాని వేయకుండా, ముందు చెక్క పలక నిలిపి దానిమీదే సెట్టు పని చేయాలని షరతు పెట్టాలి. వెళ్లిన తరువాత ఉన్నది ఉన్నట్టు అప్పగించే బాధ్యత వారిదని, అందుకు కొంత సొమ్ము ధరావతుగా ఉంచాలని రాయాలి. దీనికి పెద్ద వకీలు అక్కరలేదు. రెండు పేజీల కాగితం చాలు.

ఇంకొకటి. ఒప్పందంలో మన హక్కును చూసుకున్నంత మాత్రాన పని తీరిపోదు. కథ ఈ సీమదైతే, "మీ సెట్టులో ఈ వీధిలో తెలుగు బోర్డు కూడా ఉండేదండీ, ఇదిగో ఫొటో" అని చెప్పే మనిషి ఆ ఊళ్లో ఉండాలి. చెప్పగలగాలంటే ఆ అక్షరాలు చదవడం రావాలి. మన పిల్లల్లో ఎందరు తమ ముత్తాత కట్టించిన సత్రం గోడను చదవగలరు? బడిలో తెలుగు కావాలని మనం అడుగుతున్నామంటే ఉద్యోగాలకోసం మాత్రమే కాదు. తమ ఇంటి దస్తావేజును తాము చదువుకోలేని పరిస్థితి పిల్లలకు రాకూడదని కూడా అడుగుతున్నాం. రాసినదాన్ని చదివేవారు లేనప్పుడు దానిమీద రంగు పూసినా ఎవరూ అడ్డుకోరు.

శంకర్ నాగ్ 1990లో, చిన్న వయసులోనే, రోడ్డు ప్రమాదంలో మరణించారు. ఆయన మాల్గుడిని చూసిన ప్రేక్షకుడు తమిళుడైనా, తెలుగువాడైనా, పంజాబీ అయినా అది తన ఊరే అనుకున్నాడు. ఆ ఇళ్లలో మనుషులు నిజంగా కాపురం ఉన్నారు కనుక అలా అనుకోగలిగాడు. కాపురం ఉన్న ఇంటినీ, మాట్లాడిన నుడినీ గౌరవించి కట్టిన సెట్టు ఎవరినీ బయటకు నెట్టదు. మన సరిహద్దు ఊళ్ల కథలు కూడా ఏదో ఒకనాడు తెరకెక్కుతాయి. ఆ రోజుకు ఆధారాలు సిద్ధంగా ఉండాలి. ఈ సమావేశం ముగిసేలోగా ప్రతి ఊరినుంచి ఇద్దరేసి పేర్లు రాసి ఇవ్వండి. వచ్చే మూడు నెలల్లో మీ ఊరిలో తెలుగు రాత ఉన్న ప్రతి రాయినీ, ప్రతి గుమ్మాన్నీ, ప్రతి పాత బోర్డునూ ఫొటో తీసి, ఎక్కడుందో, ఏం రాసి ఉందో, ఎవరి ఆధీనంలో ఉందో ఒక పుస్తకంలో ఎక్కిద్దాం. పక్కనే కన్నడ, తమిళ, ఉర్దూ రాతలుంటే వాటినీ ఎక్కిద్దాం. పుస్తకం ప్రతి ఒకటి నా దగ్గర, ఒకటి మీ ఊరి గ్రంథాలయంలో ఉంటుంది.